సొంత ఇంటిని ప్రశ్నించిన కళాకారుడు: క్రిస్టో పాపిచ్

అభ్యుదయ రచయిత ధైర్యానికి అసలు పరీక్ష శత్రువు ముందు జరగదు. భూస్వామిని, వడ్డీవ్యాపారిని, పరాయి పాలకుణ్ణి విమర్శించడానికి మనకు సంప్రదాయం ఉంది, భాష ఉంది, వెనక నిలబడే పాఠకులున్నారు. తాను నమ్మిన ఆశయం పేరు చెప్పుకొని, తన జెండాయే పట్టుకొని ఒక మనిషి ఊరి సొమ్ము తిన్నప్పుడు, అమాయకుణ్ణి జైలుకు పంపినప్పుడు రచయిత ఏం చేస్తాడన్నదే పరీక్ష. అప్పుడు చాలామంది మౌనం వహిస్తారు. కొందరు పక్షం మారి, నిన్నటి ఆశయాన్నే తిట్టడం మొదలుపెడతారు. ఈ రెండు దారులూ వదిలి, ఇంట్లోనే ఉండి ఇంటివాళ్లను నిలదీసినవాళ్లు తక్కువ. క్రొయేషియా సినిమా దర్శకుడు, రచయిత క్రిస్టో పాపిచ్ తన మంచి రోజుల్లో అటువంటివాడు. 'మంచి రోజుల్లో' అన్న మాట కావాలనే వాడుతున్నాను. దానికి కారణం చివర చెబుతాను.

పాపిచ్ 1933 డిసెంబర్ 7న మాంటెనెగ్రోలోని వుచ్యీ దో అనే పల్లెలో పుట్టాడు. జాగ్రెబ్ విశ్వవిద్యాలయంలో సాహిత్యం చదివాడు. సినిమాల మీద పత్రికల్లో రాశాడు. ఇతరుల దగ్గర సహాయ దర్శకుడిగా పని నేర్చుకొని, 1965లో ముగ్గురు దర్శకులు కలిసి తీసిన 'తాళంచెవి' అనే చిత్రంలో ఒక భాగం తీశాడు. 1967లో 'భ్రమ' అనే తొలి పూర్తినిడివి చిత్రం వచ్చింది. 2013 ఫిబ్రవరి 7న జాగ్రెబ్‌లో మరణించాడు. జీవిత వివరాలు ఇంతవరకు చాలు. సాహిత్య విద్యార్థులు గమనించవలసింది మరొకటుంది. ఆయన చిత్రాలన్నిటి వెనకా ఒక రచయిత ఉన్నాడు. మీర్కో కోవాచ్, ఈవో బ్రెషాన్, ఈవాన్ అరాలిత్స, మాటె మాటిషిచ్ - వీళ్లంతా కథ, నవల, నాటకం రాసినవాళ్లు. పాపిచ్ తాను కూడా కలం పట్టి వాళ్లతో కలిసి స్క్రీన్‌ప్లేలు రాశాడు. కనుక ఆయన కృషిని సాహిత్య విమర్శ పరిధిలోకి తెచ్చుకోవడానికి మనం సంకోచించనక్కరలేదు. నాకు క్రొయేషియన్ భాష రాదు. ఇంగ్లీషు సబ్‌టైటిళ్ల ద్వారా తెలుసుకొన్నదే నాకు ఆధారం. ఆ మాండలికంలోని కారం, ఉప్పు కొంత నాకు అందకుండా పోయే ఉంటాయి.

ఆయన చిత్రాలు అర్థం కావాలంటే 1948 సంవత్సరం దగ్గర ఆగాలి. ఫాసిస్టులను ఎదిరించి, ఎక్కువగా తమ స్వంత బలంతో దేశాన్ని విముక్తం చేసుకొన్న యుగోస్లావియా కమ్యూనిస్టులను 1948 జూన్ 28న కమిన్‌ఫారం వెలివేసింది. అంతకు కొద్ది నెలల ముందే కలకత్తాలో భారత కమ్యూనిస్టు పార్టీ రెండవ మహాసభలు జరిగాయి. తెలంగాణా పోరాటం సాగుతున్న రోజులవి. ఆ మహాసభలకు యుగోస్లావియా నుండి సౌహార్ద ప్రతినిధులుగా వచ్చినవాళ్లు వ్లాదిమిర్ దెదియెర్, కవి రాదొవాన్ జోగొవిచ్. కలకత్తాలో ఆత్మీయ స్వాగతం అందుకొన్న ఆ దేశపు పార్టీ, వేసవి దాటకముందే ప్రపంచ కమ్యూనిస్టు ఉద్యమంలో ద్రోహుల పార్టీ అయిపోయింది. ఆ కవి కథ మరీ విషాదం. స్వదేశంలో ఆయన తన పార్టీ నుండి బహిష్కృతుడై, ఏళ్ల తరబడి అచ్చుకు దూరమై బతికాడు.

స్టాలిన్ బొమ్మను నిన్నటిదాకా గోడకు తగిలించినవాడు, ఇవాళ దాన్ని దించడంలో ఒకరోజు ఆలస్యం చేస్తే అనుమానితుడయ్యాడు. ఏడ్రియాటిక్ సముద్రంలో గోలి ఓటోక్ అనే దీవి ఉంది. ఆ పేరుకు బోడిదీవి అని అర్థం. 1949 నుండి 1956 వరకు అక్కడ రాళ్లు మోసినవాళ్లు సుమారు 13,000 మంది. వారిలో నిజంగా మాస్కో పక్షం వాళ్లున్నారు, పొరపాటున ఒక మాట జారినవాళ్లున్నారు, పొరుగువాడి పగకు బలైనవాళ్లూ ఉన్నారు. వాళ్లను బంధించింది రాజు పోలీసులు కాదు. పర్వతాల్లో వాళ్లతో కలిసి తుపాకీ పట్టిన సహచరులే.

ఈ వస్తువును తీసుకొని కోవాచ్, పాపిచ్ కలిసి రాసిన చిత్రం 'బేడీలు'. 1969లో తయారయింది. మూలంలో పేరు 'లిసిత్సె'. ఆ భాషలో ఆ మాటకు బేడీలని, ఆడనక్కలని రెండర్థాలు. కథాస్థలం డాల్మేషియా వెనకపట్టు. రాయి, ముళ్లపొద తప్ప పెద్దగా ఏమీ పండని నేల. ఒక పెళ్లి జరుగుతోంది. తాగుడు, పాట, తుపాకులు గాలిలోకి పేల్చడం. ఆ సందడిలోకి ఇద్దరు రహస్య పోలీసులు వస్తారు. ఊరంతా గౌరవించే ఆండ్రియాను అరెస్టు చేయడానికి వచ్చారు. అంతవరకు పెళ్లిలో పెద్దపీట వేసిన మనిషిని చూసి అందరూ ఒక అడుగు వెనక్కు జరుగుతారు. తరువాత జరిగేది రాజకీయ చరిత్ర పుస్తకాల్లో ఉండదు. పెళ్లికూతురు విష్న్యా అత్యాచారానికి గురవుతుంది. అపరాధి మీదికి వెళ్లలేని ఊరు ఆమె మీదికే తిరుగుతుంది.

ఈ చిత్రాన్ని స్టాలినిస్టుల మీద, లేదా స్టాలినిస్టులను వేటాడినవాళ్ల మీద వ్యాఖ్యగా మాత్రమే చదివితే సగం పోగొట్టుకొన్నట్లే. రాజధానిలో ఇద్దరు నాయకుల మధ్య విభేదం వస్తుంది. దాని దెబ్బ జిల్లా మీద, ఊరి మీద, ఇంటి మీద పడుతూ కిందికి దిగి, చివరకు ఎదురుచెప్పే శక్తి ఎవరికి అన్నిటికంటె తక్కువో వాళ్ల మీద నిలుస్తుంది. ఆ దెబ్బ ప్రయాణాన్ని పాపిచ్ ఒక్క రోజులో, ఒక్క పెళ్లిపందిట్లో చూపించాడు. రాజ్యహింసకు, భూస్వామ్య సమాజపు పురుషాహంకారానికి మధ్య గోడ ఎంత పల్చనిదో చూపించాడు. కొత్త రాజ్యం వచ్చి మూడేళ్లయింది. పాత ఊరు అలాగే ఉంది. కొత్త రాజ్యం పాత ఊరిని మార్చడానికి బదులు, దాని పగలను, దాని పరువు లెక్కలను తన పనికి వాడుకొంది. ఇది మార్క్సిస్టు విశ్లేషణ కాదని ఎవరనగలరు?

అయితే ఒక లోపం చెప్పక తప్పదు. విష్న్యా బాధ మనకు కనిపిస్తుంది కాని, విష్న్యా మనసు కనిపించదు. దర్శకుడు ఆమెను బలిగా చూపిన తొందరలో మనిషిగా నిలబెట్టడం మరిచాడు. మగవాళ్ల రాజకీయాలకు ఆడదాని శరీరం యుద్ధభూమి అవుతుందని చెప్పే రచన, ఆ స్త్రీకి నాలుగు మాటలైనా సొంతవి ఇవ్వాలి. మన కథల్లోనూ తరచు కనిపించే లోపమే ఇది.

'బేడీలు' వచ్చిన ఏడాదే, 1969 ఆగస్టులో, 'బోర్బా' పత్రికలో వ్లాదిమిర్ యోవిచిచ్ అనే విమర్శకుడు ఇటువంటి చిత్రాలకు 'నల్ల కెరటం' అని పేరు పెట్టాడు. ఆయన ఉద్దేశం నింద. ఈ సినిమాల్లో బురద, ఆకలి, నిరాశ తప్ప నిర్మాణం కనపడదన్నది అభియోగం. తరువాతి సంవత్సరాల్లో పరిస్థితి బిగుసుకొంది. మకావెయెవ్ 1971 చిత్రం ప్రదర్శనకు నోచుకోలేదు. విద్యార్థిగా 'ప్లాస్టిక్ ఏసు' తీసిన లాజర్ స్టొయానొవిచ్ జైలుకు వెళ్లాడు. క్రొయేషియాలో 1971 డిసెంబర్ తరువాత నాయకత్వాన్నే మార్చివేశారు. సాహిత్యంలో వెలుగు ఎంత, చీకటి ఎంత అని తూకం వేసే తక్కెడ మనకూ కొత్త కాదు. నా ఉద్దేశంలో ఆ తక్కెడ పనికిరానిది. అడగవలసింది ఒకటే. ఆ చీకటి ఎవరి కళ్లతో చూసినది? పైనుండి చూసి జనాన్ని అసహ్యించుకొన్న చీకటా, జనం మధ్య నిలబడి చూసిన చీకటా?

ఈ ప్రశ్నకు పాపిచ్ జవాబు 'ప్రత్యేక రైళ్లు' అనే పావుగంట డాక్యుమెంటరీలో ఉంది. 1968లో యుగోస్లావియా పశ్చిమ జర్మనీతో కార్మికుల ఒప్పందం చేసుకొంది. కార్మికుల రాజ్యం తన కార్మికులకు పని చూపలేక పెట్టుబడిదారీ దేశపు కార్ఖానాలకు పంపడం ఎంత వైరుధ్యమో వేరే చెప్పాలా? 1972లో వచ్చిన ఈ చిత్రంలో ముందు వైద్యపరీక్షలు. మగవాళ్లు చొక్కాలు విప్పి వరుసలో నిలబడతారు. పళ్లు, కండలు, గుండె చూస్తారు. పనికివచ్చేవాడు రైలెక్కుతాడు. ప్లాట్‌ఫారం మీద భార్యలు, పిల్లలు. రైలు మ్యూనిక్ చేరాక వాళ్లను స్టేషన్ అడుగున ఉన్న గదుల్లోకి నడిపిస్తారు. అక్కడ పేర్లు పోయి అంకెలు మిగులుతాయి. పాపిచ్ ఎక్కడా ఉపన్యసించడు. సంతలో ఎద్దు పళ్లు చూసి బేరమాడిన అనుభవం ఉన్న రైతుకు ఈ చిత్రం వివరించనక్కరలేదు. నల్ల కెరటమని నిందించినవాళ్లు ఈ పావుగంటను ఏమనగలరు?

పాపిచ్ చిత్రాల్లో సాహిత్య విద్యార్థులు తప్పక చూడవలసింది 1973 నాటి 'మ్రుదూషా దోన్యా గ్రామంలో హామ్లెట్ ప్రదర్శన'. దీనికి మూలం ఈవో బ్రెషాన్ నాటకం. బ్రెషాన్ షిబెనిక్ పట్టణంలో హైస్కూలు ఉపాధ్యాయుడు. 1965లో రాసిన నాటకం 1971లో గాని జాగ్రెబ్‌లో రంగస్థలం ఎక్కలేదు. దానికి ఆయన పెట్టిన ఉపశీర్షిక 'వికృత విషాదాంతం'. చిత్రం 1974లో బెర్లిన్ ఉత్సవంలో పోటీకి నిలిచింది.

కథ ఇది. యుద్ధం ముగిసిన తొలి ఏళ్లు. ఒక మారుమూల పల్లె. ఊళ్లో ఒకడు పట్నం వెళ్లి 'హామ్లెట్' చూసి వచ్చి, తనకు అర్థమైన రీతిలో కథ చెబుతాడు. సహకార సంఘం మేనేజరు, స్థానిక పార్టీ నాయకుడు అయిన బూకారా ఆ నాటకం మనమూ ఆడాలంటాడు. ఆడించే భారం ఊరి పంతులు ష్కూంత్సా మీద పడుతుంది. షేక్‌స్పియర్ భాష జనానికి అర్థం కాదు, మార్చాలంటారు. పంతులు మారుస్తాడు. భావం కొత్త కాలానికి తగ్గట్టు ఉండాలంటారు. అదీ మారుస్తాడు. రాజు పాత్ర సహజంగానే బూకారాది. హామ్లెట్ పాత్ర యోత్సో అనే యువకుడిది. యోత్సో తండ్రి సంఘం సొమ్ము దొంగిలించాడన్న నేరం మీద జైల్లో ఉన్నాడు. సొమ్ము తిన్నది బూకారా, అతని పరివారమని కొడుకు గ్రహిస్తాడు. తండ్రి జైల్లో ఉరి వేసుకొంటాడు. డెన్మార్క్‌లో ఏదో కుళ్లిందన్న సంగతి తెలిసిన రాకుమారుడికీ, సహకార సంఘంలో ఏదో కుళ్లిందని తెలిసిన రైతు కొడుక్కూ ఇప్పుడు తేడా లేదు. హంతకుడైన రాజు వేషం వేసినవాడు ఆ వేషం తన నిజస్వరూపమని తెలియకుండానే డైలాగులు వల్లె వేస్తుంటాడు. చివరకు నిజం తెలిసినా న్యాయం గెలవదు.

హాస్యం ఇందులో రెండు పనులు చేస్తుంది. మొదట మనం పల్లెవాళ్లను చూసి నవ్వుతాం. రాజు నడకను బూకారా ఊహించుకొన్న తీరుకు, పాత్రలు ఒకరినొకరు పలకరించుకొనే మోటుతనానికి నవ్వు ఆగదు. కొంతసేపటికి ఆ నవ్వు మన గొంతులోనే అడ్డం పడుతుంది. పల్లెవాళ్లు షేక్‌స్పియర్‌ను అపార్థం చేసుకోలేదు. విశ్వవిద్యాలయాల్లో మనం పరీక్షల కోసం చదువుకొన్నదానికంటె బాగా అర్థం చేసుకొన్నారు. అధికారం కోసం సొంతవాణ్ణి చంపినవాడి విందులో అందరూ కూర్చొని తింటున్నారన్నది ఆ నాటకసారం. వాళ్లు ఆ విందులోనే కూర్చొని ఉన్నారు. క్లాసిక్‌ను జనానికి 'దించడం' గురించి మనవాళ్లు తరచు మాట్లాడుతుంటారు. దించవలసిన అవసరం లేదనీ, జనం జీవితం దగ్గరకు తెస్తే దానంతట అదే వెలుగుతుందనీ ఈ రచన చెబుతోంది.

నన్ను వెంటాడే పాత్ర మాత్రం యోత్సో కాదు, బూకారా కాదు, పంతులు ష్కూంత్సా. అతను చెడ్డవాడు కాడు. ఊళ్లో హామ్లెట్‌ను మూలంలో చదివినవాడు అతనొక్కడే. ఏ వాక్యం తీసేస్తే నాటకం ప్రాణం పోతుందో తెలిసినవాడు కూడా అతనొక్కడే. తెలిసీ తీసేస్తాడు. ప్రతిసారీ ఒక చిన్న సవరణ. ప్రతి సవరణకూ ఒక మంచి కారణం. నేనూ బడిపంతుల్నే. వార్షికోత్సవానికి వచ్చే పెద్దమనిషి నొచ్చుకోకుండా పిల్లల నాటికలో రెండు మాటలు మార్చమంటే ఎలా మారుస్తామో, మార్చి దానికి 'సందర్భశుద్ధి' అని ఎంత చక్కని పేరు పెట్టుకొంటామో మా వృత్తిలో అందరికీ తెలిసిందే. సెన్సారు ఎప్పుడూ పోలీసు టోపీ పెట్టుకొనే రాదు. చదువుకొన్నవాడి చేతి కలంగా వస్తుంది. ఒక ఉపాధ్యాయుడు ఈ పాత్రను సృష్టించడం నాకు ఆ నాటకంలోని అతి పెద్ద నిజాయితీగా కనిపిస్తుంది.

1976లో బ్రెషాన్, పాపిచ్ కలిసి అలెగ్జాందర్ గ్రీన్ రష్యన్ కథ ఆధారంగా 'రక్షకుడు' రాశారు. ఆర్థికమాంద్యంలో మునిగిన ఒక మధ్య ఐరోపా నగరం. అచ్చు దొరకని ఒక రచయిత ఇల్లు పోగొట్టుకొని, మూతపడ్డ బ్యాంకు భవనంలో తలదాచుకొంటాడు. అక్కడ ఎలుకలు విందు చేసుకొంటున్నాయి. మనుషుల రూపం ధరించి నగరాన్ని ఆక్రమిస్తున్నాయి. వాటి నాయకుడి బిరుదు రక్షకుడు. బయట ఆకలి, లోపల విందు. ఈ ఒక్క చిత్రంతో ఫాసిజం పుట్టుకను పాపిచ్ చెప్పగలిగాడు. ఎలుక మనిషిలా మాట్లాడుతుంది, నవ్వుతుంది, కరచాలనం చేస్తుంది. ఎవరు మనిషి, ఎవరు కాదు అన్న అనుమానమే మనుషులను విడదీస్తుంది. ఈ ప్రతీక ఏ ఒక్క రాజ్యానికీ కట్టుబడి ఉండదు. అది దాని బలం, దాని బలహీనత కూడా. 'బేడీలు'లో నేల ఉంది, రాయి ఉంది, తేదీ ఉంది. ఇక్కడ అవి పల్చబడ్డాయి.

1988లో అరాలిత్స నవల ఆధారంగా తీసిన 'బాబాయితో జీవితం' మళ్లీ నేల మీదికి వచ్చింది. రైతుల భూములను బలవంతంగా సమష్టి క్షేత్రాల్లో కలిపిన తొలి సంవత్సరాలు. ఉపాధ్యాయ శిక్షణ పొందుతున్న ఒక కుర్రవాడు, పార్టీ మనిషి అయిన అతని బాబాయి. దీని మీద మాజీ సైనికుల సంఘాలు తీవ్రంగా ధ్వజమెత్తాయి. అయినా చిత్రం పూర్తయింది, విదేశాల్లో గోల్డెన్ గ్లోబ్ నామినేషన్ కూడా పొందింది. ఇక్కడ ఒక విషయం మరువరాదు. 'బేడీలు', 'హామ్లెట్' రెండిటినీ నిర్మించింది జాగ్రెబ్‌లోని యాద్రాన్ ఫిల్మ్ అనే స్టూడియో. అంటే ఆ వ్యవస్థ తనను ప్రశ్నించే కళకు తన సొమ్మే పెట్టింది, పెట్టి తిట్టింది, తిట్టి మళ్లీ పెట్టింది. ఆ వైరుధ్యాన్ని గుర్తించకుండా దాన్ని నరకమని చిత్రించినా, స్వర్గమని కీర్తించినా అబద్ధమే అవుతుంది.

ఇప్పుడు మొదట దాటవేసిన మాటకు వస్తాను. 1991లో యుగోస్లావియా చీలింది. యుద్ధం వచ్చింది. ఆ ఏడాదే పాపిచ్ 'క్రొయేషియా కథ' తీశాడు. పాత రాజ్యపు రహస్య పోలీసులు ఒక కుటుంబాన్ని ఎలా నలిపారన్నది వస్తువు. చెప్పిన సంగతులు అబద్ధమని నేననను. కాని 1969లో ఆ మాట చెప్పడం వేరు, 1991లో చెప్పడం వేరు. కొత్త పాలకులు వినాలని చెవులు రిక్కించుకొని కూర్చొన్న కథ అది. సొంత ఇంటిని ప్రశ్నించే కళాకారుడు, ఇల్లు మారాక పాత ఇంటిని ప్రశ్నించడం పరీక్ష కాదు. అందుకే ఆ చిత్రంలో పాత్రలు సులభంగా మంచివాళ్లు, సులభంగా చెడ్డవాళ్లు అయ్యారు.

ఈ సందర్భంలో ఆయన సహచరులు పట్టిన దారులు చూడండి. నవలాకారుడు అరాలిత్స జాతీయవాద పాలకపక్షంలో నాయకుడయ్యాడు. 'బేడీలు' రాసిన కోవాచ్ బెల్‌గ్రేడ్‌లో సెర్బియా జాతీయవాదాన్ని వ్యతిరేకించి, 1991లో ఊరు విడిచి క్రొయేషియా తీరానికి చేరవలసి వచ్చింది. యోత్సో వేషం వేసిన నటుడు రాదె షెర్బెజియా యుద్ధోన్మాదాన్ని అంగీకరించక, క్రొయేషియా విడిచి విదేశం వెళ్లాడు. పాత రాజ్యం మీద ఒకే విమర్శ చేసినవాళ్లు ముగ్గురు మూడు దిక్కులకు చేరారంటే కారణం ఏమిటి? రాజ్యాన్ని విమర్శించడం ఒక్కటే అభ్యుదయానికి కొలబద్ద కాదు. ఆ విమర్శ ఏ విలువ మీద నిలబడింది, జాతి మీదా, మనిషి మీదా అన్నది తేల్చుకోకపోతే, నిన్నటి తిరుగుబాటుదారు రేపటి పాలకుడి ఆస్థాన విద్వాంసుడు కావచ్చు.

పాపిచ్ పూర్తిగా అలా కాలేదు. 1998లో మాటిషిచ్ నాటకం ఆధారంగా 'చచ్చినవాళ్లు పాడటం మొదలుపెడితే' తీశాడు. జర్మనీలో పనిచేసిన ఇద్దరు ముసలి కూలీలు, ఒకడు శవపేటికలో చచ్చినట్టు పడుకొని, రెండోవాడు తోడుగా స్వదేశానికి వస్తారు. వచ్చేసరికి యుద్ధం. 'ప్రత్యేక రైళ్లు'లో చొక్కా విప్పి నిలబడ్డ కూలీయే పాతికేళ్ల తరువాత పేటికలో ఇంటికి చేరాడని నాకు తోచింది. నవ్వు మళ్లీ గొంతులో అడ్డం పడింది. 2012లో, మరణానికి ముందు ఏడాది, 'పూల కూడలి' అనే ఆఖరి చిత్రంలో కొత్త రాజ్యపు పోలీసులను, నేరగాళ్లను ఒకే గొడుగు కింద చూపించాడు. కొత్త ఇల్లు కూడా తన ఇల్లేనని, దాన్నీ అడగాలని ఆయన చివరకు గుర్తించాడు. కాని శిల్పంలో ఆ పదును రాలేదు. 'బేడీలు' తీసినప్పటి భయం, ప్రేమ రెండూ అప్పటికి తగ్గాయి.

ప్రేమ అన్న మాటను నేను సెంటిమెంటుతో వాడటం లేదు. 'బేడీలు', 'హామ్లెట్' చూసినవాళ్లకు ఆ కోపం ఎక్కడినుండి వచ్చిందో తెలుస్తుంది. సహకార సంఘం మంచిదని నమ్మినవాడికే దాని సొమ్ము తిన్నవాడి మీద అంత కోపం వస్తుంది. నమ్మనివాడు నవ్వి ఊరుకొంటాడు. మన రచయితలు భూస్వామి దౌర్జన్యం మీద రాసిన కథలు వందలున్నాయి, అవి ఉండవలసిందే. మనవాడైన బూకారా మీద, మనలోని ష్కూంత్సా మీద రాసినవి ఎన్ని? లెక్క పెట్టడానికి చేతివేళ్లు చాలినంతకాలం, మన నిబద్ధత గురించి ఇతరులు అడిగే ప్రశ్నలకు కోప్పడే హక్కు మనకు లేదు. ఆ కథలు శత్రువు రాసేలోగా మనమే రాయాలి. శత్రువు రాస్తే అందులో కోపం ఉంటుంది, బాధ ఉండదు.